గోదావరిఖని గొంతు

బొగ్గుబాయిల ఊరి నుంచి సినిమా స్టూడియో దాకా మధుప్రియ పాట నడిచిన దారి. ఆ దారిలో వెంట నడిచిన ఉత్తర తెలంగాణ గొంతుల కథ

2017 జులై 21, శుక్రవారం. శేఖర్ కమ్ముల ‘ఫిదా’ థియేటర్లలోకి వచ్చిన రోజు. అక్క పెళ్లిలో భానుమతిగా సాయిపల్లవి ‘వచ్చిండే’ పాటకు అడుగు వేయగానే హాల్లో ఈలలే ఈలలు. ఆ పాట పాడిన అమ్మాయి మాత్రం ఆ రోజు ఏ థియేటర్లోనూ లేదు. అంతకు ఐదు రోజుల ముందు మొదలైన తెలుగు ‘బిగ్ బాస్’ తొలి సీజన్‌లో పోటీదారుగా లోనావాలాలోని ఇంట్లో ఉంది. ఫోను లేదు, పేపరు లేదు, బయటి కబురు చెవిన పడే దారే లేదు. రెండు వారాలకు ఆట ముగించుకుని బయటికి వచ్చేసరికి ఆమె గొంతు ఊరూరా పెళ్లి బరాతుల్లో మోగుతోంది.

ఆమె మధుప్రియ. పాత కరీంనగర్ జిల్లా, ఇప్పటి పెద్దపల్లి జిల్లా గోదావరిఖని బిడ్డ. సినిమా ప్రేక్షకుల్లో చాలామందికి ఆమె ‘ఫిదా’తోనే తెలిసింది. తెలంగాణ జనానికి మాత్రం అంతకు ఎన్నో ఏళ్ల ముందే తెలుసు. బడికి పోయే వయసులోనే ‘ఆడపిల్లనమ్మా’ అంటూ వేదికల మీద పాడి తల్లులతో కంటతడి పెట్టించిన పాప ఆమె. ఆడపిల్ల పుట్టిందని బాధపడొద్దని ఆడపిల్లే అమ్మను వేడుకునే పాట అది. పెద్దవాళ్లు పాడితే నీతిబోధ అయ్యేది. చిన్నపిల్ల గొంతులోంచి వచ్చేసరికి నేరుగా ఇంట్లోవాళ్లనే నిలదీసినట్టయింది. బడుల్లో, సభల్లో, మహిళా సంఘాల మీటింగుల్లో ఆ పాట పెట్టని ఊరు మా దిక్కున అరుదు. చాలా ఇళ్లలో ఆమె పేరు తెలియకపోయినా పాట తెలుసు. ‘ఆడపిల్లనమ్మా పాప’ అంటే చాలు, అందరికీ తెలిసిపోయేది.

బాయి కాడి పాట

గోదావరిఖనిని ఎరగనివాళ్లకు ఆ ఊరి తీరు కొంచెం చెప్పాలి. సింగరేణి బొగ్గు తవ్వకం ఇల్లెందులో 1889లోనే మొదలైంది. అక్కడి నుంచి అది గోదావరి వెంట పైకి సాగి రామగుండం ప్రాంతానికి వచ్చింది. బొగ్గుబాయిలు తెరుచుకున్న కొద్దీ చుట్టుపక్కల జిల్లాల పల్లెల నుంచి జనం కూలికి, కొలువుకు వచ్చి క్వార్టర్లలో స్థిరపడ్డారు. నది ఇవతల పాత కరీంనగర్, అవతల పాత ఆదిలాబాద్. వచ్చినవాళ్లు మూటాముల్లెతో పాటు వాళ్ల వాళ్ల ఊళ్ల పాటలనూ తెచ్చుకున్నారు. నాటు వేసేటప్పటి పాట, బతుకమ్మ పాట, ఒగ్గుకథ, బీరప్ప కథ, యక్షగానం అన్నీ ఒకే కాలనీలో పక్కపక్కనే వినపడేవి. పొద్దుటి షిఫ్టుకు ఒకరు పోతుంటే రాత్రి షిఫ్టు దిగి ఇంకొకరు వచ్చే ఊరు అది. ఏ వేళప్పుడైనా ఎవరో ఒకరు మేలుకునే ఉంటారు, ఎక్కడో ఒకచోట పాట నడుస్తూనే ఉంటుంది.

దానికి తోడు కార్మిక సంఘాలు. గేటు మీటింగు అంటే ముందు పాట, తర్వాతే ఉపన్యాసం. మైకు సరిగా పనిచేయకపోయినా పాట ఆఖరి వరుస దాకా పోవాలి. తెలంగాణ ఉద్యమం వచ్చాక ఈ అలవాటు ఊరంతటికీ పాకింది. 2011 సెప్టెంబరు 13న మొదలై 42 రోజులు నడిచిన సకల జనుల సమ్మెలో సింగరేణి కార్మికులు బాయి దిగలేదు. ఊరూరా ధూంధాం ఆటపాటల సభలు నడిచిన ఆ కాలంలో తెలంగాణ సభ ఏదైనా పాటగాళ్లదే పెద్దపీట. మధుప్రియ గొంతు రాటుదేలింది అలాంటి వేదికల మీదే.

ఆ గొంతును దగ్గరగా విన్నారా? శ్రుతి ఎత్తులో ఉంటుంది. గమకాల జోలికి ఎక్కువగా పోదు, స్వరం మీదికి నేరుగా వెళ్లి నిలుస్తుంది. పల్లవి చివరి అక్షరాన్ని దించకుండా కాస్త పైకి ఎత్తి వదులుతుంది. మాట మాత్రం ఎక్కడా నలగదు. హల్లులన్నీ కొట్టినట్టు వినపడతాయి. ఇవన్నీ ఆరుబయట పాడే మనుషులకు అవసరం నేర్పిన పద్ధతులు. బతుకమ్మ చుట్టూ తిరిగేటప్పుడు ఒకామె పాట ఎత్తుకుంటుంది, యాభైమంది వంత అందుకుంటారు. చప్పట్ల మోత మధ్య ఆ ఒక్క గొంతు చివరి మనిషికి చేరాలి. ఎత్తిన శ్రుతి తగ్గిందంటే వంత పాడేవాళ్లు తడబడతారు. చివరి అక్షరం పైకి లేస్తేనే వాళ్లకు అందుకునే చోటు తెలుస్తుంది. ఆ తొమ్మిది రోజులూ తంగేడు, గునుగు పూల మధ్య పాడుతూ పెరిగిన ఆడపిల్లలకు ఈ సంగతి ఎవరూ ప్రత్యేకంగా చెప్పరు. చెవికి అదే పడుతుంది.

మా టీవీ ‘సూపర్ సింగర్’ పోటీలోకి మధుప్రియ వెళ్లింది ఈ గొంతుతోనే. శాస్త్రీయ సంగీతం నేర్చుకుని వచ్చినవాళ్ల పక్కన జానపదం పాడే పిల్ల నిలబడాలంటే మాటలు కాదు. పోటీల్లో ‘సంగతులు బాగా పలికాయి’ అన్న మెచ్చుకోలు ఎవరికి దక్కుతుందో మనందరికీ తెలుసు. ఆమె అక్కడ గొంతు మార్చుకుని ఇంకొకరిలా పాడటం మొదలుపెట్టి ఉంటే ఈ కథే ఉండేది కాదు.

కలం ముందు, గొంతు వెనుక

ఉత్తర తెలంగాణకు సినిమా పాటతో అనుబంధం కొత్తదేమీ కాదు. కరీంనగర్ జిల్లా హనుమాజీపేటలో 1931లో పుట్టిన సి.నారాయణరెడ్డి 1962లో ‘గులేబకావళి కథ’తో సినిమా పాటలోకి అడుగుపెట్టారు. తర్వాత దశాబ్దాల పాటు ఆయన పాటే తెలుగు ప్రేమికుల మాట అయింది. 1988లో జ్ఞానపీఠం అందుకున్నారు. అదే హనుమాజీపేటలో మిద్దె రాములు అనే ఒగ్గుకథ కళాకారుడూ ఉండేవారు. తెల్లవార్లూ కథ చెబుతూ వేలమందిని కదలకుండా కూర్చోబెట్టిన మనిషి. ఒకే ఊరి నుంచి ఒక కలం సినిమాకు వెళ్లింది, ఒక గొంతు ఊళ్లలోనే ఉండిపోయింది. ఇందులో ఎవరి తప్పూ వెతకనక్కర్లేదు. కానీ సినిమా తలుపు ఏ కొలతతో పెట్టారో ఈ ఒక్క ఊరి కథే చెబుతుంది.

ఆదిలాబాద్ దిక్కు చూస్తే గూడ అంజయ్య కనిపిస్తారు. దండేపల్లి మండలం లింగాపూర్‌లో 1955లో పుట్టి 2016లో కన్నుమూసిన ఈ కవి రాసిన ‘ఊరు మనదిరా’ పాట రాష్ట్రాల సరిహద్దులు దాటి వేరే భాషల్లోకీ పోయింది. ఆ పాటను వేలమంది పాడారు. పాడిన గొంతుల్లో ఎన్నింటి పేర్లు మనకు తెలుసు?

సినిమాలో తెలంగాణ యాస చాలా ఏళ్ల పాటు హాస్యగాడి నోటికో, రౌడీ నోటికో పరిమితమైంది. యాసకే చోటు లేనప్పుడు ఆ యాసతో పాడే ఆడగొంతుకు చోటు ఎక్కడి నుంచి వస్తుంది? తెలంగాణ పల్లెపాట బాణీని తీసుకున్నప్పుడు కూడా పాడించింది ఎక్కువగా శిక్షణ పొందిన స్టూడియో గొంతులతోనే. పాట తియ్యగా ఉండేది, కానీ మట్టి వాసన తగ్గేది.

‘ఫిదా’ ఈ వరుసను తిప్పింది. బాన్సువాడ పిల్ల కథానాయిక. ఆ పాత్రకు సాయిపల్లవి సొంతంగా యాస నేర్చుకుని డబ్బింగ్ చెప్పింది. అలాంటి పాత్ర పెళ్లి పాటలో గొంతు మాత్రం పరాయిదిగా వినపడితే బొమ్మ చెడిపోయేది. సుద్దాల అశోక్‌తేజ రాసిన పాటకు శక్తికాంత్ కార్తీక్ బాణీ కట్టి రామ్‌కీతో పాటు మధుప్రియతో పాడించారు. కథకు ఆ ఊరి గొంతే కావాల్సి వచ్చింది కాబట్టి సినిమా ఆమె దగ్గరికి వచ్చింది. యూట్యూబ్‌లో ఆ పాట పది కోట్ల వీక్షణలు దాటిపోయింది. అంకెల కంటే పెద్ద సంగతి ఇంకొకటి ఉందంటాను. ఆ పాటకు ఎగిరినవాళ్లలో ఎన్నడూ తెలంగాణ గడప తొక్కనివాళ్లూ ఎందరో. వాళ్లెవరికీ ఆ యాస అడ్డం కాలేదు.

కాసెట్టు నుంచి ఫోను దాకా

పాప్ సింగర్ అంటే పెద్ద నగరాల్లో గిటారు పట్టుకుని ఆల్బమ్ చేసే మనిషి గుర్తొస్తాడు. కరీంనగర్, మంచిర్యాల వైపు పాప్ అంటే జానపద ఆల్బమే. ముందు కాసెట్లుగా, తర్వాత సీడీలుగా, ఇప్పుడు యూట్యూబ్ పాటగా అది మారుతూ వచ్చింది. సినిమాతో సంబంధం లేకుండా ఒక పాట పుట్టి, ఊరి జాతర్లో మోగి, బరాతుకు ఎక్కి, ఆఖరికి సినిమా వాళ్లే వెతుక్కుంటూ వచ్చేంత పెద్దదవుతుంది. ఇంత బలమైన సొంత పాటల బజారు తెలుగునాట ఇంకో ప్రాంతానికి ఉందా అన్నది నా అనుమానం.

దాని పనితీరు చూడాల్సిందే. ఒక కుర్రాడు పాట రాస్తాడు, లేదా అమ్మమ్మ పాడిన పల్లవికి కొత్త చరణాలు కడతాడు. దోస్తు కీబోర్డు మీద బీటు కడతాడు. చిన్న గదికి గోడల నిండా స్పాంజి అంటిస్తే అదే స్టూడియో. గాయనికి కబురు పెడతారు. ఆమె వచ్చి హెడ్‌ఫోన్లు పెట్టుకుని పల్లవి ఒకసారి, చరణాలు విడివిడిగా పాడి పోతుంది. వీడియోను ఏ చెరువు గట్టునో, పత్తి చేనులోనో తీస్తారు. దసరా ముందు బతుకమ్మ పాట, మాఘమాసం పెళ్లిళ్ల ముందు బావామరదళ్ల పాట, జాతర ముందు మల్లన్న పాట. పంటకు కారు ఉన్నట్టే ఈ పాటలకూ కారు ఉంటుంది. పాట పట్టిందా లేదా అన్నది చెప్పేది డీజే. బరాతులో వాళ్లు దాన్ని రీమిక్స్ చేసుకుని పెట్టారంటే పాట గెలిచినట్టే.

2021లో ‘బుల్లెట్టు బండి’కి జరిగింది అదే. లక్ష్మణ్ రాయగా మోహన భోగరాజు పాడిన ఆ ప్రైవేటు పాటకు మంచిర్యాల జిల్లాలో ఒక పెళ్లికూతురు బరాతులో ఆడిన వీడియో బయటికి రాగానే పాట దేశమంతా తిరిగింది. మోహన సినిమా గాయని. అప్పటికే పెద్ద సినిమాల్లో పాడినా, ఇంటింటికీ ఆమె పేరు చేర్చింది మాత్రం ఈ పెళ్లిపాటే. సినిమాలో పేరొస్తే ప్రైవేటు పాటకు పిలుపొచ్చే పాత లెక్క ఇక్కడ తలకిందులైంది. మధుప్రియ ఈ రెండు బజార్లలోనూ నడిచిన మనిషి. సినిమా అవకాశాలు వచ్చాయని బతుకమ్మ పాటనూ జానపద ఆల్బమ్‌నూ వదిలిపెట్టలేదు. ఏటా పండగకు ఆమె కొత్త పాట కోసం ఎదురుచూసే ఇళ్లు ఉన్నాయి. ఆమె పాదం ఇక్కడ గట్టిగా ఉండబట్టే సినిమాలో ఎంపిక చేసుకునే బలం వచ్చిందని నా నమ్మకం.

ఎగువ గోదారి, దిగువ గోదారి

2020 సంక్రాంతికి వచ్చిన ‘సరిలేరు నీకెవ్వరు’లో ‘హీ ఈజ్ సో క్యూట్’ పాటను దేవిశ్రీప్రసాద్ ఆమెతో పాడించారు. రష్మిక కోసం పాడిన ఆ అల్లరి పాటలో డప్పు లేదు, బతుకమ్మ పాటల ‘ఉయ్యాలో’ లేదు. అప్పుడే అనిపించింది, ఈ గొంతు పెళ్లిపందిరికి మాత్రమే సరిపోతుందన్న అంచనా తప్పని. అయినా పరిశ్రమ అంచనాలు అంత తొందరగా మారవు కదా.

2025 జనవరి 14న విడుదలైన ‘సంక్రాంతికి వస్తున్నాం’లోని ‘గోదారి గట్టు’ ఆ అంచనా తప్పని గట్టిగా రుజువు చేసింది. అనిల్ రావిపూడి సినిమా, భాస్కరభట్ల సాహిత్యం, భీమ్స్ సిసిరోలియో సంగీతం. మగగొంతు రమణ గోగులది. 1996లో ‘ఆయే లైలా’ ఆల్బమ్‌తో వచ్చి, ‘ప్రేమంటే ఇదేరా’, ‘తమ్ముడు’, ‘బద్రి’ సినిమాలతో కాలేజీ పిల్లలను ఊపేసిన అసలు సిసలు పాప్ గాయకుడు ఆయన. చాలాకాలం సినిమా పాటకు దూరంగా ఉండి వెంకటేశ్ కోసం మళ్లీ మైకు ముందుకు వచ్చారు. గరగరలాడే ఆ గొంతు పక్కన నిలబడటం ఏ గాయనికైనా పరీక్షే. కాస్త మెత్తగా పాడితే ఆయన గొంతులో మునిగిపోవాలి, పోటీకి పోతే పాట పాడైపోవాలి. మధుప్రియ ఆ రెండూ చేయలేదు. మొగుణ్ని మురిపెంగా ఆటపట్టించే పెళ్లాం గొంతు అది. ఎత్తు శ్రుతి అలాగే ఉంది, గట్టితనం మాత్రం తగ్గి నవ్వు చేరింది. చరణం చివర ఆ పాత అలవాటు, అక్షరాన్ని ఎత్తి వదలడం, ఇక్కడ గారాబంగా మారింది. విని చూడండి.

ఆ పాట గోదావరి జిల్లాల ఇల్లాలు భాగ్యం పాత్ర కోసం పాడింది, భానుమతి లాంటి తెలంగాణ పిల్ల కోసం కాదు. నది మొదట గోదావరిఖనిని ఒరుసుకుని, తర్వాతే రాజమండ్రికి పోతుంది. ఎగువ గట్టు పిల్ల దిగువ గట్టు ఇల్లాలి పాట పాడితే వినేవాళ్లెవరికీ తేడా తోచలేదు. తెలంగాణ పాత్ర ఉంటేనే తెలంగాణ గాయని అన్న గిరి అక్కడ చెరిగిపోయింది. ఆమె సినీ జీవితంలో ‘వచ్చిండే’ కంటే ఈ పాటకే నేను ఎక్కువ విలువ కడతాను.

భీమ్స్ ఆమెను పిలవడంలో ఆశ్చర్యం లేదు. 2023లో సిరిసిల్ల వాసి వేణు ఎల్దండి తీసిన ‘బలగం’కు సంగీతం ఇచ్చిందీ ఆయనే. ఆ సినిమా చివర్లో బుర్రకథ దంపతులు కొమురమ్మ, మొగిలయ్యలు పాడుతుంటే థియేటర్లలో పెద్దమనుషులు కండువాలతో కళ్లు తుడుచుకున్నారు. మొగిలయ్య 2024 డిసెంబరులో మనకు దూరమయ్యారు. అదే సినిమాలోని పల్లెటూరి పాట రాసినందుకు కాసర్ల శ్యామ్ జాతీయ పురస్కారం అందుకున్నారు.

దుర్గవ్వ, ఆమె వెనుక ఇంకెందరో

నదికి అవతలి ఒడ్డున మంచిర్యాల జిల్లా నుంచి కుమ్మరి దుర్గవ్వ వచ్చింది. పనీపాటల మధ్య పాడుకునే గొంతు. జానపద పాటలతో యూట్యూబ్‌లో పేరు వచ్చాక 2022 నాటి ‘భీమ్లా నాయక్’లో తమన్ సంగీతంలో ‘అడవి తల్లి మాట’ను సాహితి చాగంటితో కలిసి పాడింది. రామజోగయ్య శాస్త్రి రాసిన పాట అది. ఒకే పాటలో రెండు గొంతులు వినండి. సాహితిది సాధన చేసిన స్టూడియో గొంతు, దుర్గవ్వది ఎండకు ఎండిన గొంతు. దుర్గవ్వ అందుకోగానే పాట లోతు మారిపోతుంది. అన్నదమ్ముల్లా కొట్టుకునే ఇద్దరు మగవాళ్లకు అడవి తల్లి బుద్ధి చెప్పాలంటే అలాంటి గొంతే కావాలి. ఆ తర్వాత అలాంటి పెద్ద పాటలు ఆమెకు ఎన్ని వచ్చాయి?

ఇంకా లోపలికి పోతే గోండు గూడేలు. మార్లవాయి కనకరాజు గుస్సాడీ నృత్యానికి 2021లో పద్మశ్రీ వచ్చింది, 2024లో ఆయన కాలం చేశారు. దీపావళి దండారీ పండగలో మోగే డోళ్లు, పెప్రె వాయిద్యం, గోండుల కథకులైన ప్రధాన్ల చేతిలో కీక్రి వాద్యం, వాళ్లు చెప్పే వంశగాథలు, కేస్లాపూర్ నాగోబా జాతరలో రాత్రంతా సాగే పాట, ఇవేవీ తెలుగు సినిమా సంగీతానికి ఇంకా సరిగా పరిచయమే కాలేదు. కరీంనగర్ గొంతుకు తలుపు తెరవడానికి ఇంతకాలం పట్టింది. ఆదిలాబాద్ అడవి గొంతుకు అంతకాలం పట్టకూడదు.

డబ్బు సంగతీ చెప్పుకోవాలి, పాట గురించి రాసేవాళ్లు సాధారణంగా దాన్ని దాటేస్తారు. సినిమా పాటకు గాయకులకు ఒక్కసారి ఇచ్చేదే ఎక్కువగా చివరిది. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించి పాడినవాళ్లకూ రాయల్టీలో వాటా పెట్టారు. మరుసటి ఏడు దేశంలోని గాయకులు కలిసి ఆ వాటా వసూలుకు సొంత సంఘం పెట్టుకున్నారు. పెద్ద గాయకులకు లాయర్లు ఉంటారు, లెక్క చూసేవాళ్లు ఉంటారు. చిన్న గదిలో పాడి, చేతికి ఇచ్చింది తీసుకుని బస్సెక్కి ఊరికి పోయే జానపద గాయనికి ఆ చట్టం ఉన్నట్టే తెలియదు. పాట కోట్లమంది వింటారు, ఆదాయం ఛానల్ ఎవరి పేరున ఉంటే వాళ్లకు పోతుంది. అమ్మమ్మల కాలం నాటి పాటకు ‘రచన’ అని ఎవరో పేరు వేసుకోవడం ఇంకో అన్యాయం. సేకరించినవాళ్లు సేకరణ అని రాసుకోవాలి. ఏ ఊరిలో, ఎవరి నోట విన్నారో చెప్పాలి. సాంస్కృతిక శాఖ జిల్లాకో చిన్న శిబిరం పెట్టి ఒప్పందం ఎలా చదవాలో, పాటను ఎవరి పేరున నమోదు చేయించుకోవాలో ఈ గాయనీగాయకులకు నేర్పితే పెద్ద ఖర్చేమీ కాదు.

సంగీత దర్శకులకు ఒక విన్నపం. తీన్మార్ మొదలవగానే గుర్తొచ్చే పేరుగా మధుప్రియను మిగల్చకండి. ‘గోదారి గట్టు’లో ఆ గొంతు ఎంత దూరం పోగలదో మీరే చూపించారు. పెళ్లిపాటకు పిలిచినట్టే జోలపాటకూ విరహగీతానికీ పిలవండి. దుర్గవ్వకు ఇంకో పాట ఇవ్వండి. వినేవాళ్లం మేం సిద్ధంగానే ఉన్నాం.